పదకొండు బూట్లు, నేను చేసిన డబ్బా

ఆ శనివారం ఉదయం ఎనిమిదిన్నరకి ఫ్రీమాంట్‌లో బయల్దేరినప్పుడు నా కారులో ఉన్నవి ఇవి. స్టీరింగ్ దగ్గర నేను. పక్క సీట్లో యాభై ఏళ్ల మాస్టర్. ఆయన ఒళ్లో వాళ్లావిడ కట్టిచ్చిన అన్నం మూట. వెనక సీట్లో బెల్టు పెట్టి బిగించిన గోధుమరంగు సూట్‌కేసు. అందులో పదకొండు బూట్లు. జతలు కాదు, బూట్లే: మగవాళ్లవి అయిదు జతలు, ఆడవాళ్ల హైహీల్ చెప్పు ఒకటి. వాటి సందుల్లో పీచుతో ఉన్న సగం కొబ్బరి డొక్క, తుప్పు పట్టిన తలుపు బందు, పాత గొడుగు, తోలు పర్సు, తాళాల గుత్తి, మూత బిగించిన సీసాలో ఎండురొయ్యలు. గేరు పక్కన, తువ్వాలులో చుట్టి, నేను నాలుగు రోజులు కూర్చుని చేసిన డబ్బా.

జాబితా ముందురోజే రాసుకున్నాను. బయల్దేరేముందు ఒక్కొక్క దానికీ టిక్కు పెట్టాను. మర్చిపోయింది ఏదీ లేదు. తీసుకెళ్లకూడనిది మాత్రం ఒకటి ఉంది. ఆ సంగతి నాకు పదకొండు గంటలదాకా తెలియలేదు.

వెళ్తున్నది శాన్‌ఫ్రాన్సిస్కోలో ఒక చిన్న సౌండ్ స్టూడియోకి. సినిమా తీసేటప్పుడు నటుల అడుగుల చప్పుడు, తలుపులూ తాళాల చప్పుడు మైకులో సరిగ్గా పడవు. వాటిని తర్వాత స్టూడియోలో, తెర మీద బొమ్మ చూస్తూ, ఒక మనిషి మళ్లీ చేస్తాడు. ఆ స్టూడియోలో ఆ పని చేసే ఆయన లాస్ ఏంజెలెస్ వెళ్లిపోతున్నాడు. ఆ చోటుకి ఆ రోజు మాస్టర్‌కి పరీక్ష. నెగ్గితే అయిదేళ్ల తర్వాత మళ్లీ సినిమా పని. లేకపోతే సోమవారం ఏడున్నరకి ఎప్పట్లాగే మా ఫ్యాక్టరీలో సోల్డరింగ్ బల్ల. ఇంకో అవకాశం వస్తుందని ఆయనా అనుకోలేదు, నేనూ అనుకోలేదు.

మా కంపెనీ చెవి పరీక్ష యంత్రాలు తయారుచేస్తుంది. కాకినాడలో ఇంజనీరింగ్, టెక్సస్‌లో ఎమ్మెస్ చదివి నేను అక్కడ టెస్ట్ ఇంజనీర్‌గా చేరాను. లైన్ మీద తయారైన బోర్డుల్ని పరీక్షించి తప్పులున్నవి వెనక్కి పంపడం నా పని. ప్రతి బోర్డు మీదా సోల్డర్ చేసినవాళ్ల నంబరు ఉండేది. ఇరవై రెండో నంబరు బోర్డు ఒక్కటి కూడా నేను వెనక్కి పంపలేదు. మూడు నెలలు చూశాక ఈ ఇరవై రెండు ఎవరా అని లైన్ దగ్గరికి వెళ్లాను. తెల్లజుట్టు, పొట్టి మనిషి, మెడలో తాడుకి కట్టిన కళ్లద్దాలు. మనీలా నుంచి వచ్చాడు. మాటల్లో తెలిసింది, ఉండేది మా అపార్ట్‌మెంట్లలోనే, నాకు రెండు బ్లాకుల అవతల. వాళ్లావిడ నర్సు. కారు ఆవిడ తీసుకెళ్లిపోతే ఆయన రెండు బస్సులు మారి వస్తున్నాడు. మర్నాటి నుంచి నా కారులో రమ్మన్నాను.

మొదటిరోజు నా కారు తలుపు తెరవగానే అది బొంగురుగా మూలిగింది. వారాంతంలో నూనె వేస్తానని సంజాయిషీ చెప్పుకున్నాను.

"వెయ్యకు ఇంజనీర్," అన్నాడాయన. తలుపు మూసి, మళ్లీ తెరిచి, మళ్లీ మూశాడు. "ఇలాంటి తలుపు కోసం నేను ఓసారి ఊరంతా వెతికాను. దీంతో మంచి జైలు కట్టొచ్చు."

అలా మొదలైంది. మేం మాట్లాడుకున్నదంతా ఇంగ్లీషులోనే. అయినా నాకు ఆ మాటలు తెలుగులోనే గుర్తున్నాయి. ఆయన్ని ఏమని పిలవాలని నేను అడిగితే, సినిమావాళ్లని మీ దగ్గర ఏమని పిలుస్తారన్నాడు. మా సినిమాల్లో ఫైట్లు నేర్పేవాణ్ణీ డాన్సులు నేర్పేవాణ్ణీ మాస్టర్ అంటారని చెప్పాను.

"అయితే నన్ను రెండుసార్లు పిలవాలి. రెండూ చేశాను."

ఒక్కసారే పిలిచేవాణ్ణి.

మా ఇంటి నుంచి ఫ్యాక్టరీకి బ్రిడ్జి మీదుగా ముప్ఫై అయిదు నిమిషాలు. రోజుకి ఒక పని చొప్పున ఆయన చేసిన పనులన్నీ చెప్పించుకున్నాను. లంచ్ టైములో వాటిని గళ్ల నోట్‌బుక్‌లో రాసేవాణ్ణి. ఇరవై తొమ్మిదేళ్ల కెరీరు, పదిహేడు పనులు. పదహారో ఏట స్టూడియో రోడ్డు మీద దుమ్ము లేవకుండా నీళ్లు చల్లడంతో మొదలుపెట్టాడు. ఆ నీళ్లు చల్లే పద్ధతి చూసి వాన కురిపించే పని ఇచ్చారు. ఆయన వాన మూడు రకాలు: ప్రేమ వాన సన్నగా, హత్య వాన లావుగా, తుఫాను వాన పక్క నుంచి. తర్వాత సెట్ల వడ్రంగం. టైటిల్సు గాజు మీద చేత్తో రాయడం. ఎద్దుబండి మీద నుంచి హీరోయిన్ పడిపోవాలి, ఆవిడ పడనంది, గౌను తొడుక్కుని ఈయన పడ్డాడు. ఎడమ మోచెయ్యి ఇప్పటికీ పూర్తిగా చాచలేడు.

కంటిన్యుటీ కూడా చూశాడు. ఏ షాట్‌లో ఎవరి చొక్కాకి ఎన్ని గుండీలు పెట్టి ఉన్నాయో, సిగరెట్టు ఎంత కాలిందో గుర్తుపెట్టుకోవడం. అప్పట్లో కాయితం మీద రాసుకుంటే వానలో తడిసిపోయేది. అందుకని పురికొసకి ముడులు వేసేవాడు. గుండీకి ఒక రకం ముడి, సిగరెట్టుకి ఒక రకం. నాకు ఒక కొస మీద చేసి చూపించాడు. నేను డిగ్రీలో చదివిన కోడింగ్ పద్ధతుల కన్నా అదేం తక్కువ కాదని ఆయనకి చెప్పాను.

"పెద్ద మాటలొద్దు. ఓసారి కుక్క ఆ కొస నమిలేసింది. హీరో పెళ్లికి రెండు చేతులకీ వాచీలు పెట్టుకున్నాడు."

డబ్బింగ్ చెప్పడం కూడా ఉంది. ఒక చావు సీన్లో చచ్చిపోయేవాడు, డాక్టరు, ఫాదరు, ముగ్గురికీ ఆయనే గొంతు. ఫాదర్ గొంతుకి చేతిరుమాలు అడ్డం పెట్టుకున్నాడట. ఇవన్నీ కారులో చేసి చూపించేవాడు. ఒకరోజు డాక్టరు గొంతు వింటూ నేను దిగాల్సిన ఎగ్జిట్ దాటిపోయాను.

కానీ పదిహేడిట్లో ఆయన తనదనుకునేది ఒక్కటే, చప్పుళ్లు చెయ్యడం. పదమూడేళ్లు చేశాడు. కొబ్బరి డొక్కని మా ఇళ్లలో గిన్నెలు తోమడానికి వాడేవాళ్లు. వాళ్ల దేశంలో దాన్ని కాలి కింద పెట్టి చెక్క నేల పాలిష్ చేస్తారు. ఆయన అదే డొక్కతో ఇసక మీద పడవ లాగేవాడు. ఎండురొయ్యలు నలిపితే కంకర రోడ్డు. గొడుగు వేగంగా తెరిచి మూస్తే కొంగల రెక్కలు. హైహీల్ నడక కాలితో కాదు, చేత్తో. చెప్పులో చెయ్యి దూర్చి మణికట్టు బరువుతో నడిపించాలి. అందుకే సూట్‌కేసులో అది ఒక్కటే ఉంది, రెండోది అక్కర్లేదు.

చెవి సంగతి నాకు మా యంత్రం వల్ల తెలిసింది. కొత్త మోడల్ ట్రయల్‌కి చెవులు కావాలి. లైన్‌లో ఎవరైనా రమ్మంటే, సోల్డర్ పొగ లేకుండా పది నిమిషాలు కూర్చోవచ్చని మాస్టర్ అందరికన్నా ముందొచ్చాడు. హెడ్‌ఫోన్లు పెట్టాను. సన్నని శబ్దాల దగ్గరికి వచ్చేసరికి ఆయన బటన్ నొక్కడం మానేశాడు. యంత్రం పాడైందనుకుని నా చెవికి పెట్టుకుని చూశాను. బాగానే ఉంది. గ్రాఫ్ గీశాను. మూడు వేల హెర్ట్‌జ్ వరకు గీత ఫర్వాలేదు. అక్కణ్ణుంచి ఎడమ చెవిది దిగిపోయింది. కుడి చెవిది పడిపోయింది.

ఆయన ఆ కాయితం చూసి, "మా ఊరి కొండ ఇలాగే ఉంటుంది. ఈ మూల నుంచి జారితే సముద్రమే," అన్నాడు.

"మీకు తెలుసా?"

"విదేశీవాళ్లు మా అడవుల్లో యుద్ధం సినిమా తీశారు. ఉత్తి తూటాల తుపాకులన్నీ నా చేతిలో. నాలుగు నెలలు. నటుల చెవులకి దూది పెట్టాను. నాకు పెట్టుకుంటే డైరెక్టర్ కేక వినపడదుగా."

"ఎప్పట్నుంచి వినపడటం లేదు?"

"మా ఆవిడ పిలిస్తే పలకనప్పట్నుంచి. అంతకుముందైతే వినపడినా పలికేవాణ్ణి కాదు."

ఆ గ్రాఫ్ కంపెనీ ఫైలులో పెట్టలేదు. ఆయన మడిచి జేబులో పెట్టుకున్నాడు.

స్టూడియో మాట తెచ్చింది వాళ్లావిడే. ఆవిడ వార్డులో అపెండిక్స్ ఆపరేషన్ చేయించుకున్న ఒకామె, మంచం మీద నుంచే ఫోన్లో ఎవరితోనో గొడవపడుతోందట, అడుగులు వేసే మనిషి వెళ్లిపోతే నా సినిమా ఎవరు పూర్తిచేస్తారని. ఆమె సౌండ్ ఎడిటర్. ఈవిడ బీపీ చూస్తూ, మా ఆయన ఇరవై తొమ్మిదేళ్లు ఇలాంటి పనులే చేశాడంది. డిశ్చార్జ్ అయ్యేలోపు ఫోన్ నంబరు ఇచ్చిపుచ్చుకున్నారు.

ఫోన్లో మాటలు మాస్టర్‌కి సరిగ్గా అందవు. అందుకని ఎడిటర్‌తో నేనే మాట్లాడాను. షరతులు స్పష్టంగా చెప్పింది. నాలుగు నిమిషాల రీలు. సినిమాలో సెకనుకి ఇరవై నాలుగు ఫ్రేములు. ప్రతి అడుగూ బొమ్మలో పాదం ఆనిన చోటికి రెండు ఫ్రేముల లోపు పడాలి. ఆ హద్దు దాటినవి ఇరవై కన్నా ఎక్కువ ఉంటే కుదరదు. రీలు రెండుసార్లు మాత్రమే వేస్తుంది. షూటింగప్పుడు రికార్డయిన అసలు శబ్దం హెడ్‌ఫోన్లలో వినిపిస్తుంది, దాన్ని పట్టుకుని నడవొచ్చు.

ఆ చివరి మాట దగ్గర నాకు భయం పట్టుకుంది.

ఆ సాయంత్రం వాళ్లింట్లో ముగ్గురం కూర్చున్నాం. చెవి గురించి ఆమెకి చెప్పాలా వద్దా?

"అడిగితే చెప్తాను," అన్నాడు మాస్టర్.

"అడగదు," అన్నాను నేను. "అడుగులు వేసే పనికి వచ్చినవాణ్ణి చెవుల గురించి ఎవరడుగుతారు?"

వాళ్లావిడ నన్ను ఇహో అని పిలిచేది, వాళ్ల భాషలో నాయనా అన్నట్టు. "ఇహో, నువ్వు చదువుకున్నవాడివి, నేను నర్సుని. అడక్కపోయినా చెప్పాలి."

"చెప్తే ఇంటికి పంపేస్తుంది," అన్నాడాయన.

"ఇంటికే కదా, రా. ఫ్లోర్ పాలిష్ చెయ్యాల్సి ఉంది. డొక్క నీ దగ్గరే ఉంది."

ముగ్గురం నవ్వాం. ఏమీ తేల్చుకోలేదు.

మూడు ఆదివారాలు వాళ్ల హాల్లో ప్రాక్టీస్ చేశాం. కార్పెట్ మీద ప్లైవుడ్ పరిచి, వీసీఆర్‌లో ఏదో ఒక టీవీ సీరియల్ పెట్టేవాళ్లం. టీవీ చప్పుడు మైకులోకి రాకుండా వాల్యూమ్ పూర్తిగా తగ్గించాను. టీవీ శబ్దాన్ని వైరు ద్వారా క్యాసెట్‌లో ఒక ట్రాకు మీదికి, ఆయన అడుగుల్ని మైకుతో రెండో ట్రాకు మీదికి రికార్డు చేశాను. సోమవారం లంచ్‌లో ఆ రెంటినీ మా ల్యాబ్‌లో కాయితం మీద గీతలు గీసే రికార్డర్‌కి కలిపి తేడా కొలిచాను. మొదటి ఆదివారం కొలిచినప్పుడు నా వైరింగ్ తప్పనుకున్నాను. రెండు ట్రాకులూ ఒకటే అయిపోయాయేమోనని విప్పి మళ్లీ కలిపాను. తప్పేం లేదు. నూరు అడుగుల్లో తొంభై అడుగులకి ఒక్క ఫ్రేము తేడా కూడా లేదు. ముందెన్నడూ చూడని సీరియల్, తెలియని మనుషులు, చప్పుడు లేని బొమ్మ.

ఎలా అని అడిగాను.

"కాలు చూస్తే ఆలస్యమైపోతుంది. భుజం చూడు. అడుగు పడకముందే భుజం చెప్పేస్తుంది. ఆవిడ చూడు, ఇప్పుడు ఆగుతుంది."

తెర మీద ఆవిడ రెండడుగులు వేసి ఆగింది. ఆ రోజు నుంచి నేను సూపర్‌మార్కెట్‌లో కూడా మనుషుల భుజాలే చూస్తున్నాను. నాకు పదిట్లో నాలుగు అందుతాయి.

మూడు ఆదివారాల కాయితాలు నా ముందున్నాయి. వాటిని అలా వదిలేసి ఉండాల్సింది. కానీ నా బుర్రంతా ఆ హెడ్‌ఫోన్ల చుట్టూ తిరుగుతోంది. ఆమె వినిపించే శబ్దం ఈయనకి సగం వినపడదు, వినపడని సంగతి మొహంలో తెలిసిపోతుంది. దానికి నేను చెయ్యగలిగిందల్లా నాకు వచ్చిన పని. నాలుగు లంచ్ టైముల్లో ఒక డబ్బా చేశాను. ఒకవైపు శబ్దం వెళ్తుంది, రెండోవైపు హెడ్‌ఫోన్లు. మూడు వేల హెర్ట్‌జ్ పైనున్న వాటిని, ఆయన గ్రాఫ్‌లో ఎంత లోటుందో అంత పెంచి ఇస్తుంది. కుడిచెవికి వేరు, ఎడమచెవికి వేరు.

శుక్రవారం సాయంత్రం దానికి మైకు తగిలించి ఆయన తలకి పెట్టాను. వాళ్లావిడ అప్పుడే వంటకి బియ్యం గిన్నెలో పోస్తోంది. మాస్టర్ తల తిప్పాడు.

"మళ్లీ పొయ్యి," అన్నాడు.

ఆవిడ బియ్యం సంచిలోకి వంపి మళ్లీ పోసింది.

"మళ్లీ."

మూడోసారి పోసేటప్పుడు ఆవిడ గిన్నె వైపు చూడలేదు. కొన్ని గింజలు స్టవ్ మీద పడ్డాయి. మాస్టర్ కళ్లు మూసుకుని, "మర్చేపోయాను. నేను దీన్ని వానకి వాడేవాణ్ణి," అన్నాడు.

ఆ డబ్బాకి నాలుగు పరీక్షలు చేశాను: ఏ శబ్దం ఎంత పెరుగుతోంది, రొద ఎంత, బ్యాటరీ ఎన్ని గంటలు, చెవికి నొప్పి ఉందా. నాలుగూ పాస్. అది పెట్టుకుని ఆయన బొమ్మకి నడుస్తాడా అన్నది అయిదో పరీక్ష. అది చెయ్యలేదు. నడక సంగతి మూడు వారాలు కొలిచాను కదా, ఇంకేముందనుకున్నాను. రోజూ ఆఫీసులో ఇతరుల్ని తిట్టేది సరిగ్గా ఈ తప్పుకే. ఒక భాగం మారిస్తే మొత్తం మళ్లీ పరీక్షించాలి.

స్టూడియో ఒక పాత గోడౌన్. నేలంతా గళ్లు గళ్లుగా కోసి ఒక్కో గడిలో ఒక్కోటి పెట్టారు: చెక్క, సిమెంటు, ఇసక, కంకర, ఇనప మెట్లు. మాస్టర్ గుమ్మంలోనే ఆగి అన్నీ చూశాడు. వంగి సిమెంటు గడిని వేలి కణుపుతో కొట్టాడు.

ఎడిటర్‌కి నలభై ఏళ్లుంటాయి. ఆపరేషన్ అయిన చోట ఇంకా చెయ్యి అడ్డం పెట్టుకుని నడుస్తోంది. డబ్బా ఏమిటని అడిగింది. "ఆయనకి అలవాటైన హెడ్‌ఫోన్ సెట్టింగ్," అని చెప్పాను. అబద్ధం కాదు, నిజమూ కాదు. మాస్టర్ నా వైపు ఒకసారి చూసి సూట్‌కేసు తెరిచాడు.

రీల్లో ఒకామె హైహీల్స్ వేసుకుని ఖాళీ ఆఫీసు వరండాలో నడుస్తుంది. వెనక బూట్లతో ఒకడు. ఆమె ఆగితే వాడూ ఆగుతాడు. తాళాలు తీస్తుంది, పడేసుకుంటుంది, ఏరుకుని మెట్లెక్కి పరుగెడుతుంది.

మాస్టర్ స్టూల్ మీద కూర్చుని కాళ్లకి నల్ల బూట్లు వేసుకుని సిమెంటు మీద పెట్టాడు. కుడి చెయ్యి హైహీల్‌లో దూర్చాడు. ఎడమచేతి చిటికెన వేలికి తాళాల గుత్తి.

"ఇద్దరివీ ఒకేసారా?" అంది ఎడిటర్. "మేం విడివిడిగా రికార్డు చేస్తాం."

"మా దగ్గర స్టూడియో గంటసేపు దొరికేది. బయట ఇంకో సినిమావాళ్లు తలుపు కొడుతుండేవాళ్లు. విడివిడిగా అంటే నవ్వేవాళ్లు."

లైట్లు తీసింది. రీలు తిరిగింది. మొదటి పది అడుగుల్లోనే తెలిసిపోయింది. ఆమె పాదం ఆనుతుంది, తర్వాత చప్పుడొస్తుంది. ఆనుతుంది, తర్వాత వస్తుంది. ఒక నిమిషం అయ్యాక ఎడిటర్ ఆపేసింది.

"ఆలస్యంగా పడుతున్నాయి," అంది. మర్యాదగానే అంది. ఆమె గొంతులో అప్పటికే నిర్ణయం అయిపోయినట్టు నాకనిపించింది. "ఇంకొక్కసారి వేస్తాను. కావాలంటే అయిదు నిమిషాలు తీసుకోండి."

మాస్టర్ హెడ్‌ఫోన్లతోనే అలా కూర్చున్నాడు. ముంజేతి మీద చెమట. నేను రికార్డయిన ఆ ఒక్క నిమిషాన్నీ ఎడిటింగ్ టేబుల్ మీద చూపించమని ఆమెని బతిమాలాను. బొమ్మనీ శబ్దాన్నీ పక్కపక్కన పెట్టి ఫ్రేము ఫ్రేముగా తిప్పింది. నలభై అడుగులు. ముప్ఫై ఎనిమిది ఆలస్యం. చాలావరకు అయిదు ఫ్రేములు, కొన్ని ఆరు.

మనిషి కంగారు పడితే తప్పులు చెల్లాచెదరుగా ఉంటాయి, కొన్ని ముందు, కొన్ని వెనక. ఇవి వరసలో నిలబడ్డాయి. ఒకే కొలత తప్పు వస్తోందంటే దానికి ఒకే కారణం ఉండాలి. అయిదు ఫ్రేములంటే సెకనులో అయిదో వంతు. శబ్దం విని, మనిషి చెయ్యి కదపడానికి పట్టే సమయం దాదాపు అంతే. అది మా యంత్రాల మాన్యువల్లో మూడో పేజీలో ఉంటుంది. ఆయన చూసి నడవడం లేదు. విని నడుస్తున్నాడు.

వాళ్ల దేశంలో ఆ రోజుల్లో సినిమాలు శబ్దం లేకుండా తీసి, మాటలతో సహా అన్నీ తర్వాత చేర్చేవాళ్లు. మా మద్రాసు సినిమాలు కూడా అంతే. ఆయన పదమూడేళ్లు మూగబొమ్మకే నడిచాడు. మా ప్రాక్టీస్‌లో కూడా టీవీ నోరు నేనే నొక్కేశాను. అసలు శబ్దం వింటూ నడవడం ఆయన జన్మలో ఇదే మొదటిసారి. ఆ వినికిడి ఇచ్చింది నా డబ్బా.

ఆయన దగ్గరికెళ్లి ఒక చెవి మీద నుంచి హెడ్‌ఫోన్ పక్కకి జరిపాను. "మాస్టర్, వింటున్నారా?"

"వింటున్నాను ఇంజనీర్. ఆవిడ చెప్పు అడుగున చిన్న మేకు లేచింది, టిక్కుమంటోంది. ఎన్నాళ్లయిందో ఇలాంటిది విని. దాని కోసం ఆగుతున్నాను."

"ఆగకండి. తీసెయ్యండి. తప్పు నాది."

తియ్యాలంటే ఎందుకో ఎడిటర్‌కి చెప్పాలి. నేను ఏం కల్పించి చెప్పాలా అని చూస్తుండగానే ఆయన జేబులోంచి మడిచిన గ్రాఫ్ తీసి ఆమె చేతిలో పెట్టాడు.

"నా కుడిచెవి రిటైరైంది. ఎడమది పార్ట్‌టైమ్. ఈ అబ్బాయి వాటికోసం డబ్బా కట్టాడు. డబ్బా మంచిది. నాకే దాంతో నడవడం రాలేదు. శబ్దం ఆపేసి బొమ్మ ఒక్కటే వెయ్యండి."

ఆమె గ్రాఫ్‌ని లైటు కింద పెట్టి చాలాసేపు చూసింది.

"మా ఆవిడ ముందే చెప్పమంది," అన్నాడు మాస్టర్.

"మీ ఆవిడ నాకు మూడు రోజులు ఇంజక్షన్లు చేసింది. ఆవిడ మాట వినాల్సింది," అంది ఎడిటర్. కాయితం మడిచి తిరిగి ఇచ్చేసింది. "చెవులు మిక్సింగ్ చేసే అతనికున్నాయి. నాక్కావలసింది పాదాలు. ఇదే చివరిసారి."

నేను డబ్బా వైరు పీకి తువ్వాలులో చుట్టేశాను. ఆయన తల మీద ఇప్పుడు ఏమీ లేదు. కళ్లద్దాలు తుడుచుకుని పెట్టుకున్నాడు. లైట్లు పోయాయి.

తర్వాతి నాలుగు నిమిషాలు నేను తెర చూడలేదు, ఆయన్నే చూశాను. కాళ్లు మగవాడివి, బరువుగా, తొందరలేకుండా. కుడిచెయ్యి ఆడమనిషిది, మణికట్టు దగ్గర తేలిగ్గా విరుగుతూ. ఒకే ఒంట్లో ఒకళ్లు భయపడుతున్నారు, ఒకళ్లు భయపెడుతున్నారు. ఆమె ఆగింది, చెయ్యి గాల్లో ఆగింది. వాడు ఒక అడుగు ఎక్కువ వేసి ఆగాడు. ఎడమకాలు ఒక్కటే మెత్తగా ఆనింది. చిటికెన వేలు వంగింది, తాళాలు పడ్డాయి. బూటు మొనతో వాటిని తోసి, అదే ఊపులో చేతిని ఇనప మెట్టు మీదికి మార్చాడు. ఒక్కసారి కూడా తన చేతుల వైపు చూసుకోలేదు. తెర మీది భుజాల్నే చూస్తున్నాడు, గొడవపడుతున్న పక్కింటివాళ్లని కిటికీలోంచి చూసినట్టు. ఫైట్ మాస్టరూ, ఎద్దుబండి మీద నుంచి పడ్డ హీరోయినూ, మూడు గొంతులవాడూ, అందరూ ఆ స్టూల్ మీదే ఉన్నారు. నా నోట్‌బుక్‌లో పదిహేడు వరసలుగా రాసుకున్నది ఒకే పని అని అప్పుడు తెలిసింది.

లైట్లు వేశాక ఎడిటర్ లేచింది. టేబుల్ దగ్గరికెళ్లి కూర్చుంది. మొదటి ఇరవై అడుగులు చూసి, చాలంది.

"అన్నీ లెక్కపెడదాం," అన్నాను. "షరతు మొత్తం రీలుకి కదా."

"ఇతనెప్పుడూ ఇంతేనా?" అని మాస్టర్‌ని అడిగింది.

"ఇవాళ నయం. గ్రాఫ్ పేపరు తేలేదు." తనని లెక్కపెడుతుంటే చూడలేనని ఆయన అన్నం మూట తీసుకుని బయట మెట్ల మీదికి వెళ్లిపోయాడు.

గంటా ముప్పావు పట్టింది. ఆమె తిప్పింది, నేను గీతలు గీశాను. ఆడమనిషివి ఒక పేజీ, మగవాడివి ఒక పేజీ. తేడా మీద వాదన వచ్చిన చోట రెండుసార్లు తిప్పించాను. చివర కూడిక ఇద్దరం విడివిడిగా చేశాం. ఒకటే వచ్చింది.

బయటికి వెళ్లేసరికి మాస్టర్ బూట్లన్నీ మెట్ల మీద వరసగా పెట్టి గుడ్డతో తుడుస్తున్నాడు. అన్నంలో సగం నాకోసం ఉంచాడు. తల ఎత్తలేదు.

"చెప్పు."

ఆయన ఎడమచెవి వైపు కూర్చుని, నోట్‌బుక్ తెరిచి చదివాను. ఆడమనిషి అడుగులు తొంభై ఆరు. మగవాడివి డెబ్బై ఒకటి. మొత్తం నూట అరవై ఏడు. హద్దు దాటినవి మూడు.